2023 వైద్య నోబెల్: కరికో, వైస్‌మన్‌లకు ఇచ్చింది సరిగ్గా దేనికి?

ప్రశ్న: ఎమ్మెస్సీ బయోటెక్నాలజీ సెమినార్‌కి ఈ టాపిక్ తీసుకున్నాను. నోబెల్ ఇచ్చింది కొవిడ్ టీకా కనిపెట్టినందుకే కదా? "యూరిడిన్ తీసేసి సూడోయూరిడిన్ పెట్టారు" అని ఒక్క ముక్కలో చెబితే సరిపోతుందా? దీన్ని కాలేజీ ల్యాబ్‌లో చిన్న ఎత్తున చేసి చూపించొచ్చా? లిపిడ్ నానోపార్టికల్స్ చేసినవాళ్లకు ఎందుకు రాలేదు?

సమాధానం:

కొవిడ్ టీకా కనిపెట్టినందుకు కాదు. స్లైడ్ మీద ఆ వాక్యం ఉంటే ముందు దాన్ని తీసేయండి. 2023 అక్టోబర్ 2న స్టాక్‌హోమ్‌లో నోబెల్ అసెంబ్లీ ప్రకటించిన కారణం చాలా కచ్చితంగా ఉంటుంది: కొవిడ్-19పై సమర్థంగా పనిచేసే ఎంఆర్ఎన్ఏ టీకాల తయారీకి వీలు కల్పించిన న్యూక్లియోసైడ్ (బేస్, చక్కెర కలిసిన ఆర్ఎన్ఏ అక్షరం) బేస్ మార్పుల ఆవిష్కరణ. అంటే బహుమతి టీకాకి కాదు, టీకాకి అడ్డుగా నిలిచిన ఒక గోడను తొలగించినందుకు. మీ సెమినార్ మొత్తం ఆ గోడ ఏమిటన్న దాని మీద నడిస్తే చాలు, మిగతా ప్రశ్నలకు జవాబులు వాటంతట అవే వస్తాయి.

ఎంఆర్ఎన్ఏ (ఏ ప్రొటీన్ చేయాలో కణానికి చెప్పే అణువు) ఉందని 1961లోనే తేలింది. దాన్ని గొట్టంలో (కణం బయట, టెస్ట్ ట్యూబ్‌లో) తయారు చేయడం 1984 నాటికి వచ్చేసింది. 1990లో ఎలుక కండరంలోకి ఎంఆర్ఎన్ఏ ఎక్కిస్తే అక్కడ ప్రొటీన్ తయారైంది. 1993లో లైపోజోముల్లో (చిన్న కొవ్వు బుడగల్లో) పెట్టిన ఫ్లూ ఎంఆర్ఎన్ఏతో ఎలుకల్లో రోగనిరోధక స్పందన కూడా చూశారు. అంటే ఆలోచన కొత్తది కాదు. ముందుకు వెళ్లనివ్వనిది వేరే ఉంది. గొట్టంలో చేసిన ఆర్ఎన్ఏను కణంలోకి పంపితే, కణం దాన్ని వైరస్ అనుకుని వాపు సంకేతాలు పంపేది, ప్రొటీన్ తయారీని కూడా తగ్గించేసేది. ఒక పక్క జ్వరం, వాపు, ఇంకో పక్క చేతికొచ్చే ప్రొటీన్ అరకొర. మందుగా పనికి రాదని చాలామంది వదిలేసింది ఇక్కడే.

కాటలిన్ కరికో హంగరీ బయోకెమిస్ట్, 1985లో అమెరికా వచ్చారు. డ్రూ వైస్‌మన్ రోగనిరోధక శాస్త్రవేత్త, 1997లో పెన్సిల్వేనియా విశ్వవిద్యాలయంలో చేరారు. ఫొటోకాపీ మెషీన్ దగ్గర వాళ్లిద్దరికీ పరిచయమైన కథ ప్రతి వ్యాసంలోనూ ఉంటుంది, దానికి స్లైడ్ ఖర్చు పెట్టకండి. కరికోకి ఆర్ఎన్ఏ తెలుసు, వైస్‌మన్‌కి డెండ్రైటిక్ కణాలు (చొరబాటుని పసిగట్టి రోగనిరోధక వ్యవస్థని లేపే కణాలు) తెలుసు. ఈ కలయిక వల్లే అసలు ప్రశ్న పుట్టింది: గొట్టంలో చేసిన ఆర్ఎన్ఏకి రెచ్చిపోయే డెండ్రైటిక్ కణం, మన కణాల నుంచి తీసిన ఆర్ఎన్ఏకి ఎందుకు అంతగా స్పందించదు?

2005లో ఇమ్యూనిటీ పత్రికలో వచ్చిన పేపరే దీనికి జవాబు. అందులో వేర్వేరు మూలాల ఆర్ఎన్ఏలు డెండ్రైటిక్ కణాలకు ఇచ్చి, బయటకొచ్చే టీఎన్ఎఫ్-ఆల్ఫా (వాపు సంకేతం) ఎంతో కొలిచారు. బాక్టీరియా ఆర్ఎన్ఏ, మైటోకాండ్రియా ఆర్ఎన్ఏ గట్టిగా రెచ్చగొట్టాయి. క్షీరదాల టీఆర్ఎన్ఏ (అమైనో ఆమ్లాలను మోసే ఆర్ఎన్ఏ) దాదాపు మౌనంగా ఉంది. టీఆర్ఎన్ఏలో మార్పు చెందిన న్యూక్లియోసైడ్లు చాలా ఎక్కువ, బాక్టీరియా ఆర్ఎన్ఏలో తక్కువ, గొట్టంలో చేసిన ఆర్ఎన్ఏలో అసలు సున్నా. ఆధారం దొరికింది కాబట్టి, మార్పు ఉన్న న్యూక్లియోటైడ్లను వాడి తామే ఆర్ఎన్ఏ తయారు చేసి చూశారు: సూడోయూరిడిన్, 5-మిథైల్‌యూరిడిన్, 2-థయోయూరిడిన్, 5-మిథైల్‌సిటిడిన్, ఎన్6-మిథైల్‌అడెనోసిన్. పరాయి ఆర్ఎన్ఏని పసిగట్టే టోల్ లైక్ రిసెప్టర్లు (టీఎల్ఆర్) 3, 7, 8 ఇచ్చే స్పందన వీటితో తగ్గిపోయింది.

ఇక్కడ సెమినార్లలో తరచూ జరిగే పొరపాటు ఒకటుంది. "అలారం ఆగింది, పని అయిపోయింది" అని ముగిస్తారు. అలారం ఆపే ప్రతి మార్పూ పనికి రాదు. అడెనోసిన్లన్నిటి స్థానంలో ఎన్6-మిథైల్‌అడెనోసిన్ పెడితే రిసెప్టర్ నోరు మూస్తుంది, కానీ ప్రొటీన్ తయారుచేసే రైబోజోమ్ కూడా ఆ ఆర్ఎన్ఏని సరిగా చదవదు. సూడోయూరిడిన్ ప్రత్యేకత ఏమిటంటే, అలారం తగ్గిస్తూనే ప్రొటీన్ దిగుబడిని పెంచుతుంది. అది 2008 పేపర్లో తేలింది. 2010లో కారణం కూడా దొరికింది: మార్పు లేని ఆర్ఎన్ఏ పీకేఆర్ అనే ఎంజైమ్‌ని లేపుతుంది, అది ఈఐఎఫ్2-ఆల్ఫా అనే ప్రొటీన్‌కి ఫాస్ఫేట్ తగిలించి అనువాదం (ఆర్ఎన్ఏ చదివి ప్రొటీన్ చేయడం) మొదలవకుండా ఆపుతుంది. సూడోయూరిడిన్ ఉన్న ఆర్ఎన్ఏకి పీకేఆర్ అంతగా లేవదు. కాబట్టి 2005 ఒక్కటే చూపిస్తే కథ సగమే. 2005, 2008, 2010 మూడూ కలిపి చూపించండి.

రసాయనం కష్టమేమీ కాదు, బోర్డు మీద గీసి చూపించండి. మామూలు యూరిడిన్‌లో యురాసిల్ తన ఎన్1 ద్వారా చక్కెరకు అతుక్కుంటుంది. సూడోయూరిడిన్‌లో అదే యురాసిల్ తిరిగి, సీ5 కార్బన్ ద్వారా అతుక్కుంటుంది. ఎన్1 ఖాళీ అవుతుంది, అక్కడ ఒక హైడ్రోజన్ మిగులుతుంది. అడెనిన్‌తో జత కట్టే వైపు అలాగే ఉంటుంది కాబట్టి రైబోజోమ్ చదువు మారదు. ఖాళీ అయిన ఎన్1 మీద మిథైల్ గుంపు పెడితే ఎన్1-మిథైల్‌సూడోయూరిడిన్. ఇది సూడోయూరిడిన్ కన్నా మెరుగని 2015లో చూపించారు. ఫైజర్-బయోఎన్‌టెక్, మోడర్నా టీకాలు రెండింటిలోనూ ఉన్నది ఇదే. "నోబెల్ వచ్చిన సూడోయూరిడిన్నే టీకాలో వాడారు" అని రాస్తే తప్పు. దారి అదే, అణువు ఒక మెట్టు ముందుకెళ్లింది.

ఇక ల్యాబ్‌లో చేయొచ్చా అన్న ప్రశ్న. ఆర్ఎన్ఏ చేయడం వరకు కాలేజీ ల్యాబ్‌లో సాధ్యమే. టీకా చేయడం కాదు, మనుషులకు ఇచ్చే మాటే లేదు. కణాల మీద తేడా చూపించడం మాత్రం చేయొచ్చు. కానీ చాలామంది బేస్ మార్చేసి, ఫలితం రాలేదని బెంగ పడతారు. వాళ్లు వదిలేసేది దాదాపు ఎప్పుడూ ఒకటే, ద్విపోగు ఆర్ఎన్ఏ (రెండు పోగులు జతకట్టిన మలినం). దాని సంగతి వివరంగా చెబుతాను, ఎందుకంటే నోబెల్ కథలో అందరూ తక్కువగా చెప్పే భాగం అదే.

ముందు టెంప్లేట్, అంటే ఆర్ఎన్ఏకి అచ్చుగా పనిచేసే డీఎన్ఏ. ప్లాస్మిడ్‌లో (గుండ్రటి డీఎన్ఏలో) టీ7 ప్రమోటర్ (టీ7 పాలిమరేజ్ ఎంజైమ్ మొదలుపెట్టే చోటు), 5' యూటీఆర్ (ప్రొటీన్‌గా మారని అంచు భాగం), మీ జీన్ (వెలుగునిచ్చే లూసిఫరేజ్ అయితే కొలవడం తేలిక), 3' యూటీఆర్, చివర పాలీ-ఏ తోక (వరుసగా అడెనోసిన్లు). ఈ తోక ఈ. కోలైలో పెరిగేటప్పుడు తరచూ కుదించుకుపోతుంది. 120 ఏలు పెట్టామనుకుంటారు, చేతికొచ్చే ప్లాస్మిడ్‌లో 60 ఉంటాయి, ప్రొటీన్ ఎందుకు తగ్గిందో అంతుపట్టదు. ఫైజర్-బయోఎన్‌టెక్ టీకాలో తోకను 30 ఏలు, మధ్యలో 10 న్యూక్లియోటైడ్ల లింకర్, తర్వాత 70 ఏలుగా విడగొట్టారు. అలా విడగొడితే ప్లాస్మిడ్ స్థిరంగా ఉంటుంది. మీరు స్టెబుల్-3 లాంటి స్ట్రెయిన్ వాడి, 30 డిగ్రీల దగ్గర పెంచి, ప్రతి ప్రెప్‌కీ తోక పొడవు సరిచూసుకోండి. ప్లాస్మిడ్‌ని పూర్తిగా లీనియర్ చేయండి. 3' వైపు వేలాడే చివర మిగిల్చే ఎంజైమ్ వద్దు, దాని వల్ల టీ7 పాలిమరేజ్ అడ్డదిడ్డమైన ట్రాన్‌స్క్రిప్టులు తీస్తుంది. బీఎస్‌పీక్యూఐ లాంటి ఎంజైమ్ తోక చివర సరిగ్గా కత్తిరిస్తుంది.

తర్వాత ట్రాన్‌స్క్రిప్షన్, అంటే డీఎన్ఏ నుంచి ఆర్ఎన్ఏ తీయడం. 20 మైక్రోలీటర్ల రియాక్షన్‌కి 1 మైక్రోగ్రాము టెంప్లేట్, ఏటీపీ, సీటీపీ, జీటీపీ ఒక్కోటి 5 మిల్లీమోలార్, యూటీపీకి బదులు అదే మోతాదులో ఎన్1-మిథైల్‌సూడోయూటీపీ. యూటీపీ ఒక్క చుక్క కూడా కలపకండి, సగం సగం వేస్తే ఫలితమూ సగం సగమే. క్యాప్ (ఆర్ఎన్ఏ 5' చివర ఉండే టోపీ) కోసం క్లీన్‌క్యాప్-ఏజీ 4 మిల్లీమోలార్ వేస్తే 95 శాతం పైన క్యాప్ పడుతుంది, కానీ దానికి టెంప్లేట్‌లో ట్రాన్‌స్క్రిప్షన్ ఏజీతో మొదలవ్వాలి. పాత ప్లాస్మిడ్లలో అది జీజీ ఉంటుంది. అది చూసుకోకుండా ఖరీదైన క్యాప్ కొంటే డబ్బు వృథా. ఏఆర్‌సీఏ అనే పాత రకం క్యాప్ చవక, కానీ జీటీపీకి నాలుగింతలు వేయాలి, దిగుబడి పడిపోతుంది, క్యాప్ 70 నుంచి 80 శాతమే పడుతుంది. క్యాప్ పడని అణువుల మీద 5' ట్రైఫాస్ఫేట్ మిగిలిపోతుంది, దాన్ని రిగ్-ఐ అనే కణ కాపలా ప్రొటీన్ పట్టేస్తుంది. బేస్ ఎంత బాగా మార్చినా అలారం మోగడానికి ఇదో కారణం. ఆర్ఎన్ఏజ్ ఇన్హిబిటర్, కొద్దిగా పైరోఫాస్ఫటేజ్ వేసి 37 డిగ్రీల దగ్గర రెండు గంటలు ఉంచండి. పైరోఫాస్ఫటేజ్ వేయకపోతే గొట్టంలో తెల్లని మడ్డి కనిపిస్తుంది. అది మెగ్నీషియం పైరోఫాస్ఫేట్, రియాక్షన్‌కి కావలసిన మెగ్నీషియాన్ని తినేస్తుంది. చివర డీఎన్ఏజ్-1తో 15 నిమిషాలు.

ఇప్పుడు ద్విపోగు ఆర్ఎన్ఏ. టీ7 పాలిమరేజ్ బుద్ధిగా ఒకే పోగు తీసి ఆగదు. ట్రాన్‌స్క్రిప్ట్ 3' చివర వెనక్కి ముడుచుకుని తన మీదే అతుక్కుంటే, పాలిమరేజ్ దాన్నే టెంప్లేట్‌గా తీసుకుని పొడిగిస్తుంది. ప్రమోటర్ లేని వైపు నుంచి కూడా కొన్నిసార్లు వ్యతిరేక పోగు తీస్తుంది. ఫలితం ద్విపోగు ముక్కలు. వీటిని కణంలోని కాపలా ప్రొటీన్లు ఎండీఏ5, టీఎల్ఆర్3, పీకేఆర్ మూడూ గుర్తుపడతాయి. బేస్ మార్పు వీటిని కొంత తగ్గిస్తుంది, పూర్తిగా పోగొట్టదు.

దీన్ని శుభ్రం చేస్తే ఏమవుతుందో కరికో, వైస్‌మన్ బృందమే 2011లో చూపించింది. బేస్ మార్చిన ఆర్ఎన్ఏని హెచ్‌పీఎల్‌సీ (అణువులను వేరుచేసే యంత్రం) మీద శుద్ధి చేసి ప్రాథమిక కణాలకు (శరీరం నుంచి నేరుగా తీసినవాటికి) ఇస్తే ప్రొటీన్ 10 నుంచి 1000 రెట్లు పెరిగింది, ఇంటర్‌ఫెరాన్ (వైరస్ హెచ్చరిక) స్పందన పోయింది. ఈ ఒక్క గ్రాఫ్ మీ సెమినార్‌లో తప్పనిసరిగా ఉండాలి. బేస్ మార్పు, శుద్ధి రెండూ కలిస్తేనే గోడ పూర్తిగా పడింది.

కాలేజీలో హెచ్‌పీఎల్‌సీ దొరక్కపోతే సెల్యులోజ్ పద్ధతి ఉంది, 2019లో వచ్చింది, ఖర్చు చాలా తక్కువ. హెపెస్ 10 మిల్లీమోలార్ పీహెచ్ 7.2, ఈడీటీఏ 0.1 మిల్లీమోలార్, సోడియం క్లోరైడ్ 125 మిల్లీమోలార్, 16 శాతం ఇథనాల్ ఉన్న బఫర్‌లో ఆర్ఎన్ఏ కలిపి, సెల్యులోజ్ పొడితో గది ఉష్ణోగ్రత దగ్గర 30 నిమిషాలు కదుపుతూ ఉంచాలి. ద్విపోగు ఆర్ఎన్ఏ సెల్యులోజ్‌కి అంటుకుంటుంది, ఒంటి పోగు ద్రవంలో ఉండిపోతుంది. స్పిన్ కాలమ్‌లో తిప్పి కిందికి దిగినదే మీకు కావలసింది. ద్విపోగులో కనీసం 90 శాతం పోతుంది, మీ ఆర్ఎన్ఏ 65 శాతం పైన తిరిగి వస్తుంది. ఇథనాల్ శాతం మాత్రం గీత దాటకూడదు: ఎక్కువైతే ఒంటి పోగు కూడా అంటుకుపోతుంది, తక్కువైతే ద్విపోగు జారిపోతుంది. లిథియం క్లోరైడ్‌తో అవక్షేపం చేసి "శుద్ధి అయిపోయింది" అనుకోవడం అన్నిటికన్నా ఎక్కువగా కనిపించే తప్పు. అది న్యూక్లియోటైడ్లను, ప్రొటీన్‌ని తీసేస్తుంది గానీ ద్విపోగుని తీయదు.

జెల్ చూసి మోసపోకండి. జెల్‌లో ఒకే పదునైన బ్యాండ్ వచ్చినా, కంటికి కనిపించనంత ద్విపోగు చాలు కణాన్ని రెచ్చగొట్టడానికి. ద్విపోగు ఆర్ఎన్ఏని పట్టుకునే జే2 యాంటీబాడీతో డాట్ బ్లాట్ (చుక్కల పరీక్ష) వేయండి. నైలాన్ పొర మీద శుద్ధికి ముందు, తర్వాత నమూనాలు సమాన మోతాదులో చుక్కలుగా పెట్టి చూస్తే తేడా ఎవరికైనా కనిపిస్తుంది. జే2 సుమారు 40 బేస్ జతలు, ఆపైన పొడవున్న ద్విపోగునే పడుతుంది, అది గుర్తుంచుకోండి.

కణాల ఎంపిక అన్నిటికన్నా ముఖ్యం. ల్యాబుల్లో మామూలుగా పెంచే హెచ్ఈకే293 కణాల్లో టీఎల్ఆర్ 3, 7, 8 పని దాదాపు ఉండదు. అందులో మార్పు ఉన్న ఆర్ఎన్ఏ, లేని ఆర్ఎన్ఏ రెండూ పోల్చి "తేడా లేదు, నోబెల్ ఎందుకిచ్చారు" అన్న నిర్ణయానికి రాకండి. రక్తం నుంచి వేరుచేసిన మోనోసైట్లతో చేసిన డెండ్రైటిక్ కణాలు గానీ, కనీసం పీబీఎంసీ (రక్తంలోని ఒంటి కేంద్రక తెల్లకణాలు) గానీ వాడాలి. దీనికి కాలేజీ ఎథిక్స్ కమిటీ అనుమతి ముందే తీసుకోండి. ఇంకో చిక్కు: ప్లాస్మిడ్ ప్రెప్‌లోంచి వచ్చే ఎండోటాక్సిన్ (బాక్టీరియా గోడలోని విషపదార్థం) కూడా టీఎన్ఎఫ్‌ని పుట్టిస్తుంది. ఎండోటాక్సిన్ లేని కిట్ వాడకపోతే, ఆర్ఎన్ఏ చేయని తప్పుకి ఆర్ఎన్ఏని నిందిస్తారు. కంట్రోల్స్ నాలుగుండాలి: మార్పు లేనిది శుద్ధికి ముందు, తర్వాత, మార్పు ఉన్నది శుద్ధికి ముందు, తర్వాత. ఈ నాలుగు బార్లు పక్కపక్కన పెడితే మీ సెమినార్‌కి వేరే చిత్రం అక్కర్లేదు.

లిపిడ్ నానోపార్టికల్ (ఆర్ఎన్ఏని చుట్టి కణంలోకి చేర్చే అతిచిన్న కొవ్వు రేణువు) సంగతికి వస్తే, ఆర్ఎన్ఏ ఎంత మంచిదైనా ఒంటరిగా కణంలోకి పోదు, రక్తంలోని ఎంజైములు నిమిషాల్లో ముక్కలు చేసేస్తాయి. ఫైజర్ టీకాలో నాలుగు లిపిడ్లు: ఏఎల్‌సీ-0315, డీఎస్‌పీసీ, కొలెస్టరాల్, ఏఎల్‌సీ-0159, మోల్ నిష్పత్తి 46.3 : 9.4 : 42.7 : 1.6. మొదటిది అసలు పనిమంతుడు. తయారీలో పీహెచ్ 4 దగ్గర ధన ఆవేశంతో ఆర్ఎన్ఏని పట్టుకుంటుంది, శరీరంలో పీహెచ్ 7.4 దగ్గర తటస్థంగా ఉండి కణాలకు హాని తగ్గిస్తుంది, ఎండోజోమ్‌లో (కణం మింగినదాన్ని ఉంచే సంచిలో) ఆమ్లత పెరగగానే మళ్లీ ఆవేశం తెచ్చుకుని పొరను చీల్చి ఆర్ఎన్ఏని బయటికి వదులుతుంది. ఇథనాల్‌లో లిపిడ్లు ఒక పాయ, ఆమ్ల బఫర్‌లో ఆర్ఎన్ఏ మూడు పాయలుగా వేగంగా కలిపి, తర్వాత డయాలిసిస్‌తో ఇథనాల్ తీసేస్తారు. చేత్తో పిపెట్‌తో కలిపితే పార్టికల్ సైజులు చెల్లాచెదురవుతాయి, మైక్రోఫ్లూయిడిక్ మిక్సర్ కావాలి. ఈ పార్టికల్స్ ఎంత సున్నితమంటే, మొదట వచ్చిన ఊదా మూత ఫైజర్ వయల్‌ని 1.8 మిల్లీలీటర్ల సెలైన్ కలిపాక కుదపకూడదని, పదిసార్లు మెల్లగా తిరగేయాలని సూచనల్లో రాశారు.

మరి వీటి వెనక ఉన్న పీటర్ కలిస్ లాంటివాళ్లకు నోబెల్ ఎందుకు రాలేదు? నోబెల్ కమిటీ ఎవరికి ఎందుకివ్వలేదో చెప్పదు, నామినేషన్లు 50 ఏళ్లు రహస్యం. ముగ్గురికి దాకా ఇవ్వొచ్చు, ఇక్కడ ఇద్దరికే ఇచ్చారు. 2021 లాస్కర్ వైద్య పురస్కారం కరికో, వైస్‌మన్‌లకు ఇచ్చారు. 2022 గైర్డ్‌నర్ అంతర్జాతీయ పురస్కారాల్లో మాత్రం వీళ్లతో పాటు కలిస్ కూడా ఉన్నారు. గైర్డ్‌నర్ వాళ్లది విశాలమైన చూపు, నోబెల్ వాళ్లది ఒకే ఆవిష్కరణ మీద నిలిచిన చూపు. బేస్ మార్పు అనేది ప్రకృతి గురించి ఒక కొత్త సత్యం చెప్పింది: మన కణాలు తమ ఆర్ఎన్ఏని ఏ గుర్తుతో పోల్చుకుంటాయో చెప్పింది. ఆ కారణంగా ఈ ఎంపికని సమర్థించవచ్చు. కానీ కలిస్ పని లేకుండా ఈ టీకాలు ఉండేవి కావు, మూడో స్థానం ఖాళీగా వదలడం న్యాయంగా లేదు. లిపిడ్ నానోపార్టికల్‌లో పెట్టి ఇచ్చే పాటిసిరాన్ అనే మందు 2018లో వచ్చి, ఈ పద్ధతి నమ్మదగినదని కొవిడ్‌కి ముందే నిరూపించింది, ఆ ధైర్యంతోనే 2020లో కంపెనీలు దిగాయి.

జర్మన్ కంపెనీ క్యూర్‌వాక్ ఉదాహరణ ఎవరో ఒకరు తప్పక అడుగుతారు. బేస్ మార్చని ఎంఆర్ఎన్ఏతో చేసిన ఆ టీకాకు 2021లో సుమారు 48 శాతం సామర్థ్యమే వచ్చింది. ఫైజర్‌కి 95, మోడర్నాకి 94.1. కాని ఇది బేస్ మార్పుకి రుజువని గట్టిగా అనకండి. క్యూర్‌వాక్ మోతాదు 12 మైక్రోగ్రాములు, ఫైజర్ 30, మోడర్నా 100. మార్పు లేని ఆర్ఎన్ఏ వాడినందువల్లే మోతాదు పెంచే వీలు తగ్గిందన్న వాదన బలంగా ఉంది. అయితే క్యూర్‌వాక్ పరీక్ష జరిగినప్పుడు వేరియంట్లు మారిపోయాయి కూడా. "బలమైన సూచన" అనండి, చాలు.

మన వైపు సంబంధం అడిగితే, హైదరాబాద్ పరిశోధన సంస్థ సీసీఎంబీలోని అటల్ ఇంక్యుబేషన్ సెంటర్ 2022లో స్వదేశీ ఎంఆర్ఎన్ఏ టీకా టెక్నాలజీని ఎలుకల దాకా తెచ్చింది. అదే ఏడాది ప్రపంచ ఆరోగ్య సంస్థ, కేప్‌టౌన్ కేంద్రంగా నడిచే తన ఎంఆర్ఎన్ఏ సాంకేతిక బదిలీ కార్యక్రమానికి హైదరాబాద్ బయోలాజికల్ ఈని ఎంపిక చేసింది. పుణెలోని జెనోవా చేసిన టీకా తనని తాను కాపీ చేసుకునే రకం. ఆ రకంలో కాపీలు కణంలోనే, కణంలో దొరికే మామూలు యూరిడిన్‌తో తయారవుతాయి కాబట్టి మొదటి ఆర్ఎన్ఏలో ఏ బేస్ పెట్టినా కాపీలకు ఆ మార్పు రాదు. కరికో, వైస్‌మన్‌ల కిటుకు ఎక్కడ వర్తిస్తుందో, ఎక్కడ వర్తించదో చూపించడానికి ఇది చక్కని ఉదాహరణ.

చివరి ప్రశ్నకి సిద్ధంగా ఉండండి, చదివినవాళ్లు అడుగుతారు. 2023 డిసెంబర్‌లో కేంబ్రిడ్జ్ బృందం నేచర్‌లో ఒక పేపర్ వేసింది: ఎన్1-మిథైల్‌సూడోయూరిడిన్ ఉన్నప్పుడు రైబోజోమ్ కొన్ని జారుడు చోట్ల ఒక అక్షరం ముందుకి జారి, కొద్ది మోతాదులో వేరే ప్రొటీన్ ముక్కలు తయారుచేస్తుందని. టీకా తీసుకున్నవాళ్లలో దానివల్ల హాని కనిపించలేదు. మందు కూడా వాళ్లే చూపించారు: అమైనో ఆమ్లం మారకుండా ఆ జారుడు చోట్లలోని కోడాన్లను (ఒక్కో అమైనో ఆమ్లాన్ని సూచించే మూడక్షరాల గుంపులను) మారిస్తే జారడం బాగా తగ్గింది. కాబట్టి మీరు కొత్త జీన్ డిజైన్ చేస్తుంటే, వరుసగా మూడు, అంతకన్నా ఎక్కువ యూలు వచ్చే చోట్లను ముందే వెతికి, సమానార్థక కోడాన్లు పెట్టి, ఆ తర్వాతే ప్లాస్మిడ్ ఆర్డర్ ఇవ్వండి.